నా పెర్గోలా, మా తమ్ముని సంబంధం

అరేయ్, చాయ్ జర పక్కకు పెట్టి ఇనుండ్రి. మొన్న నా పెర్గోలా దెబ్బకు మా తమ్ముని సంబంధం తప్పిపోయేదే!

మీకు ఎర్కనే కదా, సూర్యాపేటల మా ఇంటి ముందట కట్టెపలకల డెక్ వేయించిన. సాయంత్రం గాడ కూసుందామంటే ఒకటే ఎండ. ఫోన్ల ఫొటోలు సూసి, దాని మీద పెర్గోలా పెట్టిద్దామనుకున్న. వెల్డర్ వచ్చి ఇనుప పైపులు నిలబెట్టి, మీద అడ్డం పట్టీలు కొట్టిండు. సూడనీకె మస్తున్నది! కూసుంటే మాత్రం ఎండ చారలు చారలుగ నెత్తి మీదనే.

"జల్లెడ కింద కూసున్నట్టున్నది" అన్నది నా భార్య. ఆమె టీచర్. గా ముక్క అనేసి స్కూల్‌కు పోయింది.

నాకు మండింది. సక్కగ మునగాల పోయి, మా బావమరిది తోటల పచ్చి కొబ్బరి మట్టలు కొట్టించి, ట్రాలీ ఆటోల తెచ్చి మీద కప్పిన. గాలికి జారుతున్నయని మూలమూలకు మామిడి కొమ్మలు గూడ గట్టిగ కట్టిన. అబ్బ, ఏం సల్లదనం!

మన దగ్గర ఇంటి ముందట పచ్చని పందిరి పడ్డదంటే లగ్గమేనని అందరికీ ఎర్కే. నాకే ఆ సోయి లేకపాయె.

తమ్మునికి కోదాడ సంబంధం మాట్లాడుతున్నం. చేసుకుంటే ఆ పిల్లనే అని కూసున్నడు వాడు. తెల్లారి పొద్దుగాల, సంబంధం తెచ్చిన గరిడేపల్లి పెద్దమనిషి మా గల్లీలకెళ్లి పోతూ పందిరి సూసిండు. వెంటనే పిల్ల తండ్రికి ఫోన్ కొట్టిండు. మధ్యాహ్నానికల్లా ఆయన కోదాడ నుంచి మా ఇంటి ముందట దిగిండు.

"మాకు మాటిచ్చి, ఇంకోళ్లతో పెళ్లి పెట్టుకున్నారేంటండీ?"

"అయ్యో, పెండ్లి లేదు, ఏం లేదు! ఎండ ఆగుతదని కప్పిన, గంతే!"

"ఎండకి మామిడి కొమ్మలు కడతారా ఎవరైనా?"

తమ్ముని మొఖం తెల్లవడ్డది. ఇగ నేను పరేషానై, ఆయన నమ్ముతడని స్టూలెక్కి మట్టలన్నీ పీకుడు మొదలుపెట్టిన. గల్లీ గల్లీ అంత జమైంది. ఎదురింటి ముసలమ్మ నోటికి కొంగు అడ్డం పెట్టుకొని ఉరికొచ్చింది.

"అయ్యో కొడుకా, లగ్గం ఆగిపాయెనా? ఆడపిల్లోళ్లు ఏమన్నరు?"

ఆడపిల్ల తండ్రి ఆమె పక్కనే ఉన్నడు! ఆమె గూడ తన లెక్కనే పందిరి సూసి లగ్గమనుకున్నదని సమజై, ఆయనకు నవ్వు ఆగలే. కుర్చీల కూలబడి, కండ్లల్ల నీళ్లొచ్చేదాక నవ్విండు. నేను స్టూల్ మీద, నెత్తి నిండ ఆకులు.

"సరేనండీ, మా అమ్మాయిని ఇస్తాం. ఒక్కటే షరతు. పెళ్లి పనుల్లో మీరు మాత్రం చెయ్యి పెట్టకూడదు."

నేను నోరు తెరిసేలోపే మా తమ్ముడు "ఖాయం మామా!" అన్నడు.