రెండు బస్తాల గోదంతి

డెబ్బైల్లో నేనొక పుస్తకం రాశాను. మట్టి, రాయి, నది, భూకంపం, అగ్నిపర్వతం, ఇలా భూమికి సంబంధించిన సంగతులన్నీ, చివర అకారాది సూచికతో సహా. అట్ట మీద 'సామాన్య పాఠకుల కోసం' అని ఎర్రక్షరాలతో వేశారు. సామాన్య పాఠకుడంటే ఎవరని ఎవరూ అడగలేదు. నేనూ అడగలేదు. అంతకన్నా ముఖ్యమైన పని నాకుంది, అట్ట మీద నా పేరు ఎంత పెద్దక్షరాల్లో వస్తుందో కనుక్కోవడం.

అప్పుడు బెజవాడలో ఒక ఆడపిల్లల హైస్కూల్లో జాగ్రఫీ టీచర్ని. మట్టి సంగతి నేను కాలేజీలో చదవకముందే మా నాన్న దగ్గర నేర్చుకున్నాను. హనుమాన్ జంక్షన్‌లో దిగి, ఇంకో బస్సెక్కి కాలవ వెంట పోతే మా ఊరు. ఎకరంన్నర పొలం. అందులో అరెకరం చవుడు. ఎండాకాలం వస్తే ఆ నేలచెక్క మీద ఉప్పు చల్లినట్టు తెల్లగా పేరుకునేది, వరి నాటు వేస్తే సగం దుబ్బులు మాడిపోయేవి. దాన్ని బాగుచెయ్యడమే మా నాన్న జీవితాశయం.

ఆయన బడికి వెళ్లలేదు. చర్చిలో బైబిలు పెట్టుకుని అక్షరాలు నేర్చుకున్నాడు. అందుకని ఆయనకి పుస్తకమంటే ఒకటే, అందులో ఏముంటే అది నిజం. కూతురు పుస్తకం రాస్తోందని తెలిసిన దగ్గర్నించీ ఒకటే మాట: "మన చవుడు సంగతి రాస్తున్నావా అమ్మాయ్?" రాస్తున్నానన్నాను. నిజంగానే రాశాను.

రాసింది ప్రెస్సుకి పోయాక, మాటలు సరిచూడటానికి ప్రచురణకర్త ఒక రిటైరైన తెలుగు పండితుణ్ణి పెట్టాడు. ఆయన మనిషి మంచివాడే, చేతిలో ఎర్ర పెన్సిలు ఉండటమే ఇబ్బంది. మొదటి రోజే పిలిపించారు.

"ఏవండీ టీచరుగారూ, ఒండ్రుమట్టి అని రాశారేమిటి? పొలంలో మాట పుస్తకంలోకి రావాలంటే కాళ్లు కడుక్కుని రావాలి కదా!"

అలా ఒండ్రు కాళ్లు కడుక్కుని 'అవక్షేప మృత్తిక' అయింది. చవుడు 'క్షార మృత్తిక' అయింది. డెల్టాని మాత్రం ఆయన ముట్టుకోలేదు.

"మరి ఇది ఇంగ్లీషు మాటేగా అండీ?" అన్నాను.

"అది సర్కారు వాడే మాటమ్మా. దాని జోలికి మనమెందుకు?"

చవుడు నేలకి మందు జిప్సం. ఎరువుల కొట్లో బస్తాల్లో దొరికేది. అది ఇంగ్లీషు మాటే కనక బతికి బయటపడుతుందనుకున్నాను. పండితులవారు కళ్లజోడు తీసి తుడుచుకుంటూ నవ్వారు.

"దీనికి మన వైద్యులు ఎప్పుడో పేరు పెట్టారు. గోదంతి! ఎంత అందంగా ఉందో చూడండి."

అందంగానే ఉంది. పోట్లాడాల్సింది. పోట్లాడలేదు. నిజం చెప్పాలంటే, ఆ బరువైన మాటల పక్కన నా పేరు కూడా కాస్త బరువుగా కనిపిస్తుందని లోలోపల సంబరపడ్డాను. చవుడు అని రాస్తే చవుడునేల రైతు కూతురే అంటారు. క్షార మృత్తిక అని రాస్తే విదుషీమణి అంటారు.

అన్నారు కూడా. స్టాఫ్ రూములో అందరూ పుస్తకాన్ని చేతిలోకి తీసుకుని, బరువు చూసి, మెచ్చుకుని, పక్కవాళ్లకి ఇచ్చారు. మా హెడ్మిస్ట్రెస్ గారైతే గౌరవం కొద్దీ అద్దాల బీరువాలో పెట్టి తాళం వేశారు. విప్పి చూసినవాళ్లు లేరు కాబట్టి తప్పు పట్టినవాళ్లూ లేరు.

ఒక ఆదివారం నాన్నకి ఒక కాపీ తీసుకెళ్లాను. చేతులు కడుక్కుని, తువ్వాలుతో తుడుచుకుని అందుకున్నాడు. వెనక సూచిక ఉంటుందని చెబితే సరాసరి 'చ' దగ్గరికి పోయి వేలు పెట్టి చదివాడు. చంద్రగ్రహణం. చంద్రుడు. చక్రవాతం. చలనం. వేలు ఆగిపోయింది.

"మన పొలం ఇందులో లేదమ్మా," అన్నాడు.

నవ్వేసి క్షార మృత్తిక పేజీ తీసి ఇచ్చాను. కూడబలుక్కుని చదివి, "గోదంతి అంటే ఏంటమ్మా?" అన్నాడు. వాకిట్లో పాస్టరు గారూ, చుట్టుపక్కలవాళ్లూ నన్ను చూడటానికి వచ్చి కూర్చున్నారు. వాళ్ల ముందు పండితురాలిలా కనపడాలన్న యావలో, "అదొక ఖనిజం నాన్నా. కొట్లో అడిగితే వాళ్లే ఇస్తారు," అనేసి బస్సుకి వేళైందని లేచాను.

నాట్లు అయిపోయే రోజుల్లో ఆయన బెజవాడ వచ్చాడు. మధ్యాహ్నం స్కూలు గేటు దగ్గర గుడ్డసంచీతో నిలబడి ఉన్నాడు. సంచీలో నా పుస్తకం, ఒక చిన్న గాజుసీసా.

"గోదంతి దొరికిందమ్మా, ఇదిగో. కానీ ఇంతే ఉందంట."

హనుమాన్ జంక్షన్‌లో ఎరువుల కొట్లన్నీ అడిగాడట. అలాంటిదేదీ లేదన్నారట. మూడుసార్లు తిరిగి, చివరికి బెజవాడ వచ్చి వన్‌టౌన్‌లో అడుగుతూ పోతే ఎవరో ఆయుర్వేద మందుల కొట్టు చూపించారట. గోదంతి భస్మం, తలనొప్పికి తేనెలో రంగరించి నాకాలి. ఈయన రెండు బస్తాలు కావాలన్నాడట. కొట్టాయన బిత్తరపోయి, "ఇంత తలనొప్పి ఎవరికండీ?" అన్నాడట. "నేలకండీ," అన్నాడట మా నాన్న.

నేను గేటు పట్టుకుని పడీ పడీ నవ్వాను. కళ్లనీళ్లు వచ్చేదాకా నవ్వి, "అది జిప్సం నాన్నా! ఎరువుల కొట్లో జిప్సం అనలేకపోయావా?" అన్నాను.

ఆయన నవ్వలేదు.

"జిప్సమా? ఎరువుల కొట్టాయన అదే వెయ్యమన్నాడమ్మా. పక్క చేను వాళ్లూ అదే చెప్పారు, వాళ్లు వేసి, నీళ్లు పెట్టి, వదిలి, నాట్లు కూడా వేసేసుకున్నారు. నేనే వద్దన్నాను. మా అమ్మాయి పుస్తకంలో గోదంతి అని ఉంది, జిప్సం అని లేదు అన్నాను."

నా నవ్వు ఎక్కడికి పోయిందో తెలీదు. తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. ఆ పుస్తకాన్ని చివరిదాకా చదివిన సామాన్య పాఠకుడు నాకు తెలిసి ఆయనొక్కడే, నమ్మినవాడూ ఆయనొక్కడే.

"పోనీలేమ్మా. నేనే సరిగ్గా చదవలేదేమో," అన్నాడు.

ఆ మాట మాత్రం తట్టుకోలేకపోయాను. గేటు పక్క అరుగు మీద కూర్చుని, ఆయన సంచీలోంచి పుస్తకం తీసి, పెన్నుతో గోదంతి కొట్టేసి జిప్సం అని రాశాను. క్షార మృత్తిక కొట్టేసి చవుడు అని రాశాను. నాన్న నా భుజం మీదుగా వంగి చూస్తూ చెయ్యి అడ్డం పెట్టబోయాడు.

"అచ్చయినదాన్ని కొట్టెయ్యొచ్చా అమ్మా? అచ్చేసిన పెద్దాయన ఏమనుకుంటారో?"

"కొట్టెయ్యాలి నాన్నా. తప్పు నీది కాదు, నాది," అన్నాను.

తర్వాత సూచిక తీసి, చలనం కింద ఖాళీ ఉంటే అక్కడ చవుడు అని రాసి పేజీ నంబరు వేశాను. ఆయన వేలు పెట్టి దాన్ని రెండుసార్లు చదువుకున్నాడు. అప్పటికి అదును దాటిపోయింది. ఆ ఏడు మా అరెకరం బీడుగానే ఉండిపోయింది.