కృష్ణ కింద వెలుతురు

ఈ సంగతిలో మొదటి తెలివితక్కువతనం నాదే. అది ముందే ఒప్పుకుంటే మిగతాది చెప్పడం తేలిక. దయ్యాలను నేను ఏనాడూ నమ్మలేదు. నేను నమ్మింది గంజిని.

మాది నకిరేకల్ దగ్గర మగ్గాల ఇల్లు. గంజి పెట్టిన పడుగు నూలు తెగదని పుట్టినప్పటి నుంచి వింటూ పెరిగాను. నాకు మగ్గం మీద చెయ్యి కుదరలేదు. నందికొండ దగ్గర ఆనకట్ట పని సాగుతున్న రోజుల్లో సర్వే గుంపులో తాత్కాలిక గుమాస్తాగా చేరాను. నీళ్లు నిలిస్తే మునిగిపోయే ఇళ్లు, బావులు, చెట్ల జాబితా రాయడం నా పని. ఇంట్లో మగ్గం సగం రోజులు ఆగే ఉండేది. ఆ ఉద్యోగం ఆగితే పొయ్యి కూడా ఆగేది.

ఒక రోజు పొద్దున కృష్ణ ఒడ్డు గుట్టలో ఒక గుహ కనిపించింది. మా ఓవర్సీరు గారు దాని పొడవు కూడా రాసుకు రమ్మన్నారు. లోపలికి పాకుతూ పోవాలి. కొలత గొలుసు ఆ సందులో తిరగదు. నేను మహా తెలివిగా ఇంటి నుంచి తెచ్చుకున్న పడుగు నూలు ఉండ తీశాను. కొసను గుహ నోటి దగ్గర రాయికి కట్టి, ఉండ విప్పుకుంటూ లోపలికి పోవాలి. తిరిగి వచ్చాక దారాన్ని గొలుసుతో కొలవాలి. దారి చూపేదీ అదే, కొలత చెప్పేదీ అదే.

గొలుసు మోసే మల్లయ్య మామ బయటే కూర్చున్నాడు. "నా బొజ్జ గిండ్ల పట్టది బిడ్డా. నువ్వైతే పడుగు పోగు లెక్కనే ఉన్నవ్, పో. జర జల్ది రా, సద్ది పులుస్తది."

పది బారలు పాకాక గుహ ఒక్కసారిగా గదంత పెద్దదైంది. చేతిలో లాంతరు ఆరిపోయింది. అయినా అన్నీ కనిపిస్తూనే ఉన్నాయి. గోడల నిండా మెత్తటి నాచు, నీలంగా వెలుగుతోంది. పైనుంచి దీపం వత్తుల్లాంటి పుట్టగొడుగులు వేలాడుతున్నాయి. మడుగులో కళ్లు లేని తెల్ల చేపలు. నేను ఊపిరి వదిలితే వెలుతురు పెరిగేది, బిగబడితే తగ్గేది. పాకేటప్పుడు చీరుకున్న మోచేతిని ఆ నీళ్లతో కడిగాను. తుడుచుకొని చూస్తే గాయం లేదు. నెత్తురు మాత్రం చొక్కా మీద ఉంది.

ఇక చాలనుకొని దారం కోసం వెనక్కి తిరిగాను. దారం లేదు.

నేల మీద గింజంత పురుగులు, అవీ వెలుగుతూ, నా నూలును గంజితో సహా తినేస్తున్నాయి. మా అమ్మ కాచిన గంజి వాటికి నచ్చినట్టుంది. ఈ నవ్వు ఇప్పుడు వస్తోంది గాని అప్పుడు రాలేదు. గోడల్లో మూడు కన్నాలు, మూడూ ఒకేలా ఉన్నాయి. మొదటి దాంట్లో దూరి భుజాల దగ్గర ఇరుక్కున్నాను. ముందుకు పోలేను, వెనక్కి రాలేను. రాయి వీపును నొక్కుతోంది. నేను ఎగపోసుకున్నకొద్దీ కళ్ల ముందు వెలుతురు మండిపోతోంది. చీకటికి భయపడేవాళ్లను చాలామందిని చూశాను. వెలుతురు ఆరితే బాగుండునని ఏడ్చినవాణ్ణి నేనొక్కణ్ణే కావచ్చు. "మామా!" అని అరిచాను. నా గొంతు గోడల్లోకి ఇంకిపోయింది.

ఊపిరంతా వదిలేసి, సన్నబడి, ఎలాగో వెనక్కి జారాను. అప్పుడు చూశాను. నూలు తిన్న పురుగులు మిగతా వాటికంటే తెల్లగా, ఒక పోగులా బారు కట్టి మూడో కన్నంలోకి పోతున్నాయి. వేరే దిక్కు లేక వాటి వెంట పాకాను. ఎంతసేపో తెలియదు. తలకు పైన ఎక్కడో నీళ్లు పారుతున్న చప్పుడు మాత్రం విన్నాను.

పొదల్లోంచి ఎండలోకి వచ్చి పడ్డాను. ఎదురుగా కృష్ణ. కానీ నా ఎడమ చేతి వైపు పారవలసిన నది కుడి చేతి వైపు పారుతోంది. కాసేపటికి అర్థమైంది. నేను అవతలి ఒడ్డున ఉన్నాను.

నదికి వరద. నాకు ఈత రాదు. మా ఇంట్లో కాళ్లు పెట్టేది మగ్గం గుంటలోనే. సాయంత్రం చేపలవాళ్లు పుట్టిలో ఇవతలికి చేర్చారు. పుట్టి దిగి మళ్లీ పుట్టాను.

మల్లయ్య మామ నన్ను చూసి రెండడుగులు వెనక్కి వేశాడు. "గుహల దూరినోనివి, గా గడ్డకెట్ల పోయినవ్ బిడ్డా? నేను ఈడికెల్లి కదల్లే. నువ్వు రాకపాయె, నీ సద్ది గూడ నేనే తిన్న."

నేను జరిగిందంతా చెబితే ఓవర్సీరు గారు మర్నాడు స్వయంగా వచ్చి పాకారు. పది బారల దగ్గర గుహ ముగిసింది. అడ్డంగా రాతి గోడ. నా దారం ఆ గోడలోకి పోయి ఉంది, రాతితో కలిసే పుట్టినట్టు. లాగితే తెగింది.

"పగుల్లో నువ్వే దోపావు. పని ఎగ్గొట్టి నది దాటావని రాసిస్తావా, ఇంటికి పోతావా?" అన్నారు.

రాసిచ్చాను. గుహ లోపల ఏమీ లేదని, నేను చెప్పింది అబద్ధమని, నా చేత్తోనే సంజాయిషీ రాసి ఉద్యోగం నిలబెట్టుకున్నాను.

ఇప్పుడు ఆ గుట్ట నీళ్ల కింద ఉంది. మోచేతి మీద రుజువుకు మచ్చయినా లేదు. ఆ రోజు నాకు ఏం జరిగిందో నేటికీ చెప్పలేను.

అయితే గుట్ట మునగక ముందే, మునక జాబితాకు శుభ్రప్రతి రాసే పని నాకే వచ్చింది. చివరి వరుసలో గుండ్రటి అక్షరాలతో రాశాను: గుహ ఒకటి, వెలుతురు గలది. ఆస్తి ఎవరి స్వాధీనంలో ఉందో రాసే అనుభవదారు గడిలో ఓవర్సీరు గారి పేరు. అసలు అనుభవమంతా నాదే అయినా, పెద్దవాళ్లను ముందు పెట్టడం మర్యాద కదా. ఆయన చదవకుండానే సంతకం పెట్టారు.

పైనుంచి విచారణ వచ్చింది. గుహ తనది కాదని, అసలు లేదని, లేని గుహలో వెలుతురు ఎందుకుందో తనకు తెలియదని ఆయన మూడుసార్లు సంజాయిషీ ఇచ్చుకున్నారు. మూడింటికీ శుభ్రప్రతి తీసింది నేనే.