ఒకటి రెండు చోట్ల జల్లులు, మిగతా చోట్ల కోటు

ఆ రోజుల్లో వాతావరణం మా ఇళ్లకు సాయంత్రం రేడియోలో వచ్చేది. ఉత్తర కోస్తా మొత్తానికీ ఒకటే వాక్యం: ఒకటి రెండు చోట్ల ఉరుములతో కూడిన జల్లులు, మిగతా చోట్ల వడగాడ్పులు. ఆ ఒకటి రెండు చోట్లూ ఏవో మాత్రం చెప్పేవారు కాదు (చెబితే మనం తప్పు పట్టుకుంటాం కదా). మేలో నా పెళ్లి కుదిరేదాకా ఈ సంగతి నన్నేమీ బాధించలేదు.

టెక్కలిలో ఓ ప్రైవేటు బడిలో సైన్సు చెప్పేవాణ్ణి. అంచేత ఆకాశం కూడా నా శాఖే అని కవిటి వైపున్న మా కాబోయే మావగారి నమ్మకం. పెళ్లి ముందురోజు మేం విడిదింట్లో దిగీ దిగగానే రేడియో చంకలో పెట్టుకుని వచ్చేశారు. “వాన పడతాదా, ఎండ కాత్తాదా, ఒక్క మాట సెప్పండి బాబూ. ఎండైతే కొబ్బరితోటలో బోజనాల బంతి ఏసేత్తాను. వానైతే గుడెనకాల రేకుల షెడ్డులోకి మార్పించాల. ఊరంతటినీ పిలిసేసినాను, పరువు మీ సేతిలో ఉంది.”

రేకుల షెడ్డు అనగానే నాకు గుర్తొచ్చింది వాన కాదు, నా కోటు. మా క్రైస్తవ సంఘంలో పెళ్లికొడుకు మే నెలలోనైనా కోటు వేసుకోవాల్సిందే. నాది నల్లది, లోపల అస్తరుతో సహా. ఆకాశం వైపు ఓసారి శాస్త్రీయంగా చూసి, “వాన రాదు మావయ్యా, తోటే మేలు” అన్నాను.

మర్నాడు తెల్లారినప్పట్నించీ నాకు కుదురు లేదు. గుడిలో పాస్టరు అయ్యగారు ప్రమాణాలు చెప్పిస్తుంటే నా చూపు కిటికీలోంచి పడమటి మబ్బు మీదే ఉంది. “బాబూ, అమ్మాయి ఇటుంది” అన్నారాయన మెల్లగా.

తోటలో బంతి సగంలో ఉండగా ఫోటోగ్రాఫరు మా అందర్నీ వరసగా నిలబెట్టాడు. సరిగ్గా అప్పుడే ఈదురుగాలి లేచింది. వాన చుక్క లేదు, నేను చెప్పినట్టే. కొబ్బరికాయలు పడ్డాయి. మొదటిది మావగారు అప్పుడే ఖాళీ చేసిన కుర్చీలో దిగింది. “లెగండర్రా, లెగండి!” అని ఆయన ఒక్క అరుపు అరిచారు. ఊరు ఊరంతా విస్తళ్లు పట్టుకుని, ఎంగిలి చేతుల్తో షెడ్డులోకి పరుగు. సాంబారు గిన్నెకి రెండో చెవి పట్టుకున్నది నేనే, కోటుతోనే. దేవుడి దయవల్ల ఎవరికీ దెబ్బ తగల్లేదు.

కాలుతున్న రేకుల కింద మావగారు ముందు బంతి మళ్లీ సర్దించారు. చివరికి, “వాన రాదన్నారు, రాలేదు. మాటంటే మాటే” అన్నారు. నా పక్కనున్న పెళ్లికూతురు తలొంచుకునే అడిగింది, “కాయల సంగతి రేడియోలో సెప్పలేదేటి?” మా సంసారంలో అది ఆవిడ మొదటి మాట.

ఇప్పుడు ఫోను గంటగంటకీ మా వీధి పేరుతో సహా చెబుతోంది. అయినా పడమట మబ్బు లేస్తే నా కళ్లు గోడమీది పెళ్లి ఫోటో వైపే పోతాయి. అందులో పెళ్లికూతురితో సహా అందరూ భయంగా పైకి చూస్తున్నారు. నేనొక్కణ్ణే కెమెరా వైపు చూస్తూ ధీమాగా నవ్వుతున్నాను. ఆ కోటూ, ఆ ధీమా, రెండూ ఇప్పుడు నాకు పట్టవు.