శబ్దగ్రహణం చేసిన పెద్దమనిషి

మా జిల్లాలో స్వతంత్ర దర్శకుడంటే పెళ్లి వీడియోలు తీసేవాడు. మూఢం వచ్చి పెళ్లిళ్లు ఆగినప్పుడు సినిమా తీస్తాడు. నేనూ అంతే. నా మొదటి సినిమాకి కథ నాది, కెమెరా నాది, కూర్పు నాది. వ్యాను తోలింది నేను, మూడో సీనులో చాప మీద శవంగా పడుకున్నదీ నేనే. ఆ వేషం మాత్రం బాగా చేశావని ఊళ్లో ఇప్పటికీ అంటారు.

నేను చెయ్యని పని ఒక్కటే, శబ్దగ్రహణం. అది మా ఆవిడ చేసింది. నాకు మేనమామ కూతురు, అరసవల్లిలో టైలరింగ్ షాపు నడుపుతుంది. జీడిపళ్లు కోసే గెడకి మైకు కట్టి, ఊరికే పట్టుకుంటే చాలన్నాను. ఆమె ఊరికే పట్టుకోలేదు. భోగాపురం దగ్గర సరుగుడు తోటలో గాలి హోరెత్తిపోతుంటే, పాత నేతచీర చింపి మైకుకి నాలుగు మడతలు చుట్టి కుట్టేసింది. ఎయిర్‌పోర్టు వైపు వెళ్లే లారీలు నా చెవిన పడకముందే చెయ్యెత్తేది.

"బావా, ఆపు. లారీ వస్తన్నాది."

అంతటి దర్శకుణ్ణి, నన్నే ఆపుతుందా అని మండిపోయేవాణ్ణి. అందరూ టిఫిన్ల మీద పడితే ఆమె మాత్రం చోళ్లు, అదే రాగులు, చెరిగే ముసలమ్మ పక్కన కూర్చుని, ఆ చేట చప్పుడొక్కటే పావుగంట రికార్డు చేసింది. దండగన్నాను.

చివరికి పేర్లు వెయ్యాల్సి వచ్చింది. ఒకే పేరు ఏడుసార్లు కనిపిస్తే జనం నవ్వుతారని నా భయం. అందుకని మనుషుల్ని పుట్టించాను. కెమెరాకి ఒక బెంగాలీ బాబు, కూర్పుకి తమిళాయన, శబ్దానికి మలయాళీ. మలయాళీ పేరుంటే కాస్త శ్రద్ధగా వింటారని నా నమ్మకం. మా ఆవిడ పేరు వేద్దామా అని ఒక్క క్షణం అనిపించింది. నా ఇంటిపేరు రెండోసారి కనిపిస్తే ఇదేదో ఇంట్లోవాళ్ల సినిమా అనుకుంటారని మానేశాను. ఆమెకి చెప్పలేదు.

విజయనగరంలో ఒక చిన్న చిత్రోత్సవం వాళ్లు, మీ సినిమాకి బహుమతి వచ్చింది రమ్మన్నారు. ఏ బహుమతో చెప్పలేదు. నేను దర్శకత్వానికే అనుకుని కొత్త లాల్చీ కుట్టించుకున్నాను. కుట్టింది కూడా ఆమే. పొద్దున్న సినిమా వేసేసరికి మా బస్సు ఇంకా దారిలో చిలకపాలెంలోనే ఉంది. కాబట్టి ఆ పేర్లు ఆమె చూడలేదు.

సాయంత్రం సభలో హైదరాబాదు నుంచి వచ్చిన న్యాయనిర్ణేత మైకు అందుకున్నాడు. బహుమతి శబ్దగ్రహణానికట. శవానికిచ్చినా ఇంత బాధపడేవాణ్ణి కాదు.

"ఆ చేట చప్పుడికి కళ్లు మూసుకున్నానండీ. ఎవరోగానీ వినడం తెలిసిన మనిషి," అన్నాడాయన.

రెండో వరసలో నా పక్కన మా ఆవిడ పైట సర్దుకుంది. కుర్చీలోంచి సగం లేచింది. అంతలో ఆ మలయాళీ పేరు చదివారు.

అప్పుడైనా నిజం చెప్పొచ్చు. ఆయన లేడు, చేసింది ఈమె అంటే సరిపోయేది. నేను గబగబా వేదికెక్కి, ఆయన కొచ్చిలో షూటింగులో ఉండి రాలేకపోయారని, ఆయన తరఫున నేను తీసుకుంటున్నానని చెప్పాను. అంతటితో ఆగానా, లేని మనిషి వినయం గురించి నాలుగు ముక్కలు మాట్లాడాను కూడా. జనం చప్పట్లు కొట్టారు. ఆమె మళ్లీ కూర్చుని, అందరితోపాటు కొట్టింది. నా బతుకులో అంత సిగ్గు ఇంకెప్పుడూ పడలేదు.

తిరుగు బస్సు ఎచ్చెర్ల దాటింది. ఆమె నా ఒళ్లోంచి షీల్డు తీసుకుని, దాని మీద చెక్కిన పేరు నెమ్మదిగా, పూర్తిగా చదివింది.

"ఇది ఇంట్లో ఎక్కడెట్టాలి బావా? ఈ పేరు గల మనిసి మనింట్లో ఎవులూ లేరు కదా."