తొడిమ కిందికి

దెయ్యాల కబుర్లు చెప్పేవాళ్లను ఆటపట్టించడం నాకు మొదటి నుంచీ సరదా. నూజివీడులో బ్యాంకు పరీక్షలు రాసే పిల్లలకు రీజనింగ్ చెబుతాను. గుర్తులేని చోట మనసు ఖాళీ ఉంచదు, తనకు తోచింది అతికించేసి అదే జ్ఞాపకం అంటుంది, కాబట్టి కళ్లారా చూశామన్నదాన్ని కూడా ముందు అనుమానించండి అని ప్రతి బ్యాచ్‌కీ చెబుతాను. అలాంటి నాకే ఇది జరిగింది.

మా ఆయన పోయాక వచ్చిన మొదటి వేసవి. పిల్లల్లేరు, ఇంట్లో నేనొక్కదాన్నే. రెడ్డిగూడెం మామిడితోటలో పనిచేసే మంగమ్మ ఎప్పటిలాగే చిన్న రసాల బుట్ట తెచ్చింది. కాయలు గడ్డిలో మాగబెట్టడం ఆయన పని. సొన కారిపోవాలని ప్రతి కాయనీ తొడిమ కిందికి నిలబెట్టేవారు. నాకు సొన తగిలితే చేతులు పొక్కిపోతాయి. అందుకని నన్ను కాయలు మాగేసే గదిలోకే రానిచ్చేవారు కాదు.

మంగమ్మకు బస్సు టైమవుతోంది. కాయల్ని గబగబా అడ్డంగా పరిచి, పైన గడ్డి కప్పి వెళ్లిపోయింది. నేను గుమ్మంలో నిలబడి చూశాను. ఆమె వెళ్లగానే వీధి తలుపు గడియ పెట్టుకున్నాను.

ఆయన రోజూ పొద్దున్నే చూసేవారు కదా అని మర్నాడు చేటతో గడ్డి పక్కకు తోశాను. ప్రతి కాయా తొడిమ కిందికి నిలబడి ఉంది.

బాపులపాడులో ఉండే మా తమ్ముడికి ఫోన్ చేశాను.

"నువ్వే సర్ది మర్చిపోయుంటావక్కా. అమ్మకీ ఇలాగే మొదలైంది కదా. ఒక్కదానివీ అక్కడెందుకు, మా ఇంటికొచ్చెయ్" అన్నాడు.

మా అమ్మ చివరికి నన్నే ఎవరమ్మా నువ్వని అడిగింది. దెయ్యానికి భయపడను గానీ, తమ్ముడన్న ఆ మాటకు మాత్రం భయపడ్డాను. మతి పోతే నా పాఠం పోతుంది, ఈ ఇల్లూ పోతుంది.

నేనే సర్దితే చేతులు పొక్కాలి. పొక్కలేదు. పోనీ, మంగమ్మ నిలబెట్టినవాటినే నేను తప్పుగా గుర్తుపెట్టుకున్నానా? ఆమెనే అడిగాను.

"లేదండీ, అడ్డంగానే పరిచానండి. అయ్యగారుంటే తిట్టేవారని కూడా అనుకున్నానండీ" అంది.

విజయవాడ వెళ్లి డాక్టరుకు చూపించుకున్నాను. ఏవేవో అడిగి, బొమ్మలు గీయించి, జ్ఞాపకశక్తికి ఢోకా లేదన్నారు. మరి ఆ కాయలు నిలబెట్టింది ఎవరు? భయపడాల్సింది. నిజం చెప్పాలంటే, బస్సులో తిరిగొస్తుంటే సంతోషం వేసింది. ఇంట్లో నేనొక్కదాన్నే కాదేమో అనిపించింది.

ఈ ఏడు మళ్లీ బుట్ట తెప్పించాను. అడ్డంగానే పరవమని నేనే చెప్పాను. మంగమ్మ వింతగా చూసింది గానీ అలాగే పరిచింది. పొద్దున్నే గడ్డి తీశాను.

అన్నీ అడ్డంగానే ఉన్నాయి.

నిరుడు ఏం జరిగిందో నాకిప్పటికీ తెలియదు. ఆయన పోయిన రోజు కూడా నేను ఇంతలా ఏడవలేదు. కాసేపయ్యాక చేతికి గుడ్డయినా చుట్టుకోకుండా ఒక్కొక్క కాయనీ తొడిమ కిందికి తిప్పి నిలబెట్టాను. చేతులు ఇంకా మండుతున్నాయి.