ఓక్‌రిమ్ బురదలోకి దిగిన రోజు

కొరియాలోని మా సొచోన్ తీరంలో పెళ్ళి వీడియోలు తీసి బతికే బే ఓక్‌రిమ్‌కి నవ్వు సినిమాల పిచ్చి. కథ తనే రాసేది, కెమెరా తనే పట్టేది, అత్త వేషమో దెయ్యం వేషమో తనే కట్టేది. షూటింగ్ అయ్యాక అందరికీ ఆల్చిప్పల నూడుల్స్ వండి పెట్టేది, ఆపైన వంటింట్లోనే కూర్చుని ఎడిటింగ్ చేసుకునేది.

యాభై దగ్గరపడ్డాక ఒక సినిమా మొదలుపెట్టింది. అందులో గయ్యాళి అత్త, అల్లుడు ఒక ఆక్టోపస్ కోసం సముద్రపు బురదలో కొట్టుకోవాలి. అత్త ఓక్‌రిమ్, అల్లుడు ధాన్యం మిల్లు నడిపే చోల్‌గు. నిజానికి అతను ఆవిడ కంటే పెద్దవాడు. సినిమా బయట ఆవిడ అతన్ని అన్నయ్యా అనే పిలిచేది.

ఆ రోజు సముద్రం బాగా వెనక్కి పోయింది. ఓక్‌రిమ్ గట్టుమీద స్టాండుకి కెమెరా బిగించి, చూడవచ్చిన ఆడవాళ్ళకి గట్టిగా చెప్పింది.

"నేను ఏడ్చినా, మొత్తుకున్నా ఎవరూ అడ్డం రావద్దు. ఎప్పుడు ఆపాలో నేనే చెప్తా."

"దెయ్యం సినిమాలో చెప్పడం మర్చిపోయి మమ్మల్ని మధ్యాహ్నందాకా శవాల్లా పడుకోబెట్టావు కదే!" అంది ఆల్చిప్పలు ఏరే పున్యే అవ్వ. అంతా నవ్వారు.

చోల్‌గు బకెట్‌తో పారిపోతుంటే వెంటబడిన ఓక్‌రిమ్ మెత్తటి చోట కాలు వేసింది. మోకాలిదాకా దిగింది. లాగబోతే రెండో కాలు తొడదాకా పోయింది. సీను భలే కుదిరిందనుకుంది ముందు. "ఒరేయ్ అల్లుడూ, నా ఆక్టోపస్ ఇవ్వరా!" అని అరిచింది కూడా. అంతలో బురద మీద పల్చటి నీటి పొర మెరుస్తూ తన వైపు పాకి రావడం చూసింది. ఆ మెరుపంటే పోటు తిరిగొస్తోందని ఈ తీరంలో పుట్టినవాళ్ళకి తెలుసు.

"ఆపండి! కట్! నిజంగానే కూరుకుపోయాను!"

గట్టుమీద నవ్వులు ఇంకా పెరిగాయి. చోల్‌గు దూరం నుంచి బకెట్ ఊపుతూ, "రా అత్తా, దమ్ముంటే పట్టుకో!" అని వెక్కిరించాడు.

నీళ్ళు నడుముకి తగిలాయి. ఆపమని చెప్పాల్సింది తనొక్కతే, తన మాటే ఎవరూ నమ్మడం లేదు. కదిలినకొద్దీ బురద కిందికి లాగుతోంది. అరవడానికి ఊపిరి చాలక సన్నగా పిలిచింది.

"అన్నయ్యా..."

చోల్‌గు చెయ్యి గాల్లోనే ఆగిపోయింది. బకెట్ పారేశాడు.

"అవ్వా! నీ బల్ల తే! ఇది వేషం కాదే!"

పున్యే అవ్వ బురద మీద జారుతూ ఆల్చిప్పలు ఏరుకునే తన చెక్క బల్ల మీద ఒక మోకాలు ఆనించి, రెండో కాలితో తన్నుకుంటూ దూసుకొచ్చింది. ఇద్దరూ కలిసి ఓక్‌రిమ్‌ని పెకలించి, బల్లమీద బోర్లా వేసి లాక్కొచ్చారు. బూట్లు బురదలోనే ఉండిపోయాయి. గట్టెక్కి తిరిగి చూస్తే ఆ చోట అలలు ఆడుతున్నాయి.

"మా గుండెలు ఆగిపోయేవే ముదనష్టపుదానా!" అని అవ్వ ఏడుస్తూ వీపుమీద ఒకటి వేసింది.

కెమెరా అదంతా తీసింది. చాలాకాలం ఓక్‌రిమ్ ఆ వీడియో తెరవలేదు. స్నానపు తొట్టిలో నీళ్ళు నడుము దాటితే లేచి వచ్చేసేది. చలికాలంలో చోల్‌గు పక్కన కూర్చుంటే, అతని చొక్కా చెయ్యి పట్టుకుని మొదటిసారి చూసింది. చూశాక, ఒక్క ముక్క కూడా కత్తిరించలేదు.

ఊరి హాల్లో సినిమా వేసినరోజు లోపలికి రాలేక గుమ్మంలో నిలబడింది. అత్త బురదలో పడగానే హాలంతా పగలబడి నవ్వింది. "అన్నయ్యా" అన్నప్పుడు మాత్రం ఒక్కరూ నవ్వలేదు. ముందు వరసలో ఒక ముసలాయన లేచి తెరవైపు చెయ్యి చాచి, "లాగండ్రా దాన్ని!" అని కేకేశాడు. అవ్వ బల్ల కనపడగానే ఈలలు, చప్పట్లు. ఓక్‌రిమ్ మాత్రం గుమ్మం వదల్లేదు.

ఇప్పటికీ సినిమాలు తీస్తోంది, ఎండిన నేలమీద. ఆపమని చెప్పే పని పున్యే అవ్వకి అప్పగించింది. అవ్వ దోమ కుట్టినా ఆపేస్తుంది. ఓక్‌రిమ్ ఆ సీను మళ్ళీ మొదటి నుంచి తీస్తుంది.