బూడిద తాగిన పచ్చనీళ్ళు

ముప్పై ఒక్క ఏళ్ళు బస్సు నడిపి ఒక్క కోడినైనా తొక్కించని మనిషాయన. మలుపు ఇంకా కనబడకముందే బ్రేకు మీద కాలేస్తాడని తోటి డ్రైవర్లు బ్రేకు బాబాయి అని పేరు పెట్టారు. అదే వీధంతా పాకింది. రిటైరయ్యాక పాత వ్యానొకటి కొనుక్కుని, ఇంటి ముందే బాగుచేసుకుంటూ, అద్దె ఇళ్ళు మారేవాళ్ళ సామాన్లు చేరవేస్తున్నాడు. పిల్లల్లేని ఆ ఇంట్లో ఆయన, భార్య, బూడిద అనే పిల్లి.

ఆ ఆదివారం పొద్దున రేడియేటర్లోంచి పాత కూలెంటు ఒక బేసిన్‌లోకి దించాడు. ఇంజను వేడెక్కకుండా పోసే ఆ పచ్చటి నీళ్ళు తియ్యగా ఉంటాయి, విషం. ఆ సంగతి ఆయనకు తెలియంది కాదు. లోపల ఫోను మోగితే వెళ్ళాడు. తిరిగొచ్చేసరికి బూడిద బేసిన్ పక్కన కూర్చుని మూతి నాక్కుంటోంది. రెండు చుక్కలేగా అనుకున్నాడు. దాన్ని అదిలించి, మిగిలింది గుమ్మం ముందు కాలవలో పారబోశాడు.

గంట తిరిగేసరికి బూడిద వంటింట్లోకి తూలుతూ వచ్చింది. ముందుకాళ్ళదొక దారి, వెనకకాళ్ళదొక దారి.

"చూశారా, మీ కూతురు తాగొచ్చినట్టుంది!" అని భార్య పకపకా నవ్వింది.

ఆయన మొహం చూసి ఆ నవ్వు సగంలోనే ఆగిపోయింది.

"రేడియేటర్ నీళ్ళు నాకింది, విషం," అన్నాడు.

"ఉప్పునీళ్ళు పట్టనా? కక్కేస్తుంది."

"వద్దు. ముందు డాక్టరమ్మకి ఫోన్ చెయ్యి."

పశువుల డాక్టరమ్మ ఒక్కటే అడిగింది, ఎంతసేపైందని. "ఏమీ పట్టకండి, కక్కించకండి. ఆ కూలెంటు డబ్బా కూడా తీసుకుని వెంటనే రండి. ఆలస్యమైతే నా చేతుల్లో ఏమీ ఉండదు."

ఏనాడూ నలభై దాటని మనిషి ఆ రోజు వ్యానుని ఎంత వేగంతో తోలాడో ఆయనకే తెలియదు. డాక్టరమ్మ డబ్బా మీది అక్షరాలు చదివి, విరుగుడు మందు కలిపి సెలైను పెట్టింది.

మర్నాడు వెళ్ళేసరికి బూడిద లేచి నిలబడి ఉంది. "బాగుపడిందమ్మా!" అన్నాడు.

"అలాగే కనిపిస్తుంది బాబాయిగారూ. ఈ విషం తీరే అంత. మత్తు దిగాక నిమ్మళంగా కిడ్నీలు పట్టుకుంటుంది. మూడు రోజులు చూస్తేగాని చెప్పలేను." ఆమె గ్లవ్స్ తీస్తూ అడిగింది. "మిగతాదేం చేశారు?"

ఆయన వ్యాను తాళాలు అందుకుని బయటికి పరిగెత్తాడు.

ఇంటికొచ్చి కాలవలోకి వంగి చూశాడు. ఆకులు అడ్డుపడినచోట పచ్చటి మడుగు. దాని అంచున, తడి బురదలో, తాజా పిల్లి అడుగులు. బూడిదవి కావు. అది నిన్నటి నుంచి ఆస్పత్రిలోనే ఉంది.

మడుగు నిండా ఇసుక పోసి ఎత్తి, సంచిలో మూటగట్టాడు. తర్వాత ఇంటింటి తలుపూ తట్టాడు. మూడో ఇల్లు బట్టలు కుట్టే ఆమెది. ఒంటరి మనిషి.

"అమ్మా, మీ ఎర్రపిల్లి ఎలా ఉంది?"

"నిన్న సాయంత్రం తూలిపోతూ వచ్చింది బాబాయ్, రెండుసార్లు కక్కింది కూడా. ఇప్పుడు నయం. హాయిగా పడుకుంది చూడండి."

మిషను కింద, గుడ్డపీలికల మీద, ముడుచుకుని పడుకుంది. ఆ హాయి ఏమిటో ఆయనకు తెలుసు.

"లేపమ్మా. ఆస్పత్రికి పోదాం. కాలవలో విషం పోసింది నేనే."

ఆమె సూదిలో దారం అలాగే వదిలేసి లేచింది. దారి పొడుగునా పిల్లిని ఒళ్ళో పెట్టుకుని దాని తలే నిమురుతూ కూర్చుంది. తిట్టినా బాగుండేదనిపించింది ఆయనకు.

మూడోనాడు బూడిద డాక్టరమ్మ కోటు మీదే మూత్రం పోసింది. "గండం గడిచింది" అని ఆవిడ కోటు తుడుచుకుంటూ నవ్వింది. ఎర్రపిల్లికి అప్పటికే చుక్క మూత్రం లేదు. మధ్యాహ్నానికి పోయింది.

గొయ్యి ఆయనే తవ్వాడు, ఆమె పెరట్లో. మట్టి కప్పి చేతులు దులుపుకుంటుంటే ఆమె అడిగింది.

"మీ పిల్లి?"

"బతికిందమ్మా."

"దాన్నైనా జాగ్రత్తగా చూసుకోండి, బాబాయ్."

ఆమె లోపలికెళ్ళి తలుపు వేసుకుంది. వారం దాకా ఆ ఇంట్లోంచి మిషను చప్పుడు వినపడలేదు.